గొరెట్టి మాట పూర్తయ్యేదాకా

సెప్టెంబరు 3, మంగళవారం

లాయరమ్మ ఓర్లా ఫోన్ చేసింది. వాళ్ల నాన్న పోయాక మా పనులు ఆ పిల్లే చూస్తోంది. పిల్ల అంటున్నాను గానీ ఆవిడకీ యాభై దాటాయి. పాత చట్టం ఎత్తేశారట. కోర్టు సంరక్షణలో ఉన్నవాళ్లని ఒక్కొక్కరినీ పిలిచి, ఎవరి నిర్ణయాలు వాళ్లు ఎంతవరకు తీసుకోగలరో చూసి, వదిలేస్తారట. మా గొరెట్టి వంతు వచ్చింది.

"వదిలేయడమేంటి? మా చెల్లెలేమైనా పిట్టా?" అన్నాను.

ఓర్లా నవ్వింది. "అట్రాక్టా గారూ, ఇన్నేళ్లూ గొరెట్టికి మంచం కొనాలన్నా కోర్టుని అడగాల్సి వచ్చింది కదా. ఇక ఆ అవసరం ఉండదు" అంది.

అడగడం నాకేమీ కష్టం కాలేదు. కాగితాల మీద సంరక్షకురాలిగా నా పేరుంది. నా పైన జడ్జిగారు, ఆయన పైన దేవుడు. ఎవరి పని వాళ్లం చేసుకుంటున్నాం.

సాయంత్రం గొరెట్టి క్లబ్బు నుంచి వచ్చి కోటు విప్పుకుంటుంటే చెప్పాను. "ఏమీ మారదులే. ఉత్త కాగితాల గొడవ."

"అయితే నేను..." అంది. ఆగింది.

"అలసిపోయావు. ఉండు, టీ పెడతాను" అన్నాను.

నన్ను అదోలా చూసింది. టీ ముట్టలేదు.

సెప్టెంబరు 4

ఏమీ మారదని ఓర్లా కూడా అంది. అన్నట్టే గుర్తు.

సెప్టెంబరు 11

వచ్చే వారం డాక్టరొచ్చి గొరెట్టితో మాట్లాడి కోర్టుకి రాస్తాడట. ఆయనకి ఏం చెప్పాలో కూర్చుకుంటున్నాను. బట్టల కొట్లో పని ముగించుకుని సైకిలు మీద వస్తుంటే గొరెట్టిని లారీ గుద్దింది. అప్పటికి ముప్పై ఆరేళ్ల మనిషి. స్పృహ వచ్చేసరికి కుడిచెయ్యి మునుపటిలా లేదు. మాట నూతిలోంచి చేదినట్టు వస్తుంది, ఒక్కోసారి చేద ఖాళీగా వస్తుంది. ఒక మాటకి ఇంకో మాట పడుతుంది. కంటితో చూసి గజం బట్ట కత్తిరించిన మనిషికి అంకెలన్నీ పోయాయి. పొయ్యి ఆర్పడం మరిచిపోతుంది. (రెండుసార్లు. అందులో ఒకటి నేనే.)

దాని మనసు మాత్రం ఎక్కడికీ పోలేదు. అది కూడా చెప్పాలి. చెబుతాను.

సెప్టెంబరు 18

డాక్టరు గాల్వే నుంచి వచ్చాడు. కుర్రవాడు, తడిసిన బూట్లు. నన్ను కాస్త బయట ఉండమన్నాడు. వినబడనట్టు కూర్చున్నాను. మళ్లీ అడిగాడు. వంటగదిలోకి వెళ్లాను. ఆ తలుపు సరిగ్గా పడదు, అది నా తప్పు కాదు.

మంచి ప్రశ్నలే వేశాడు. ఈ ఊరేది, ఇది ఏ కాలం, టీవీ ఛానెల్ మార్చేది ఎవరు. "అక్క" అంది. నవ్వాడు. తర్వాత అడిగాడు, "కోర్టు సంరక్షణ పోయిందనుకోండి. మీరు చేయాలనుకుంటున్నది ఏమైనా ఉందా?"

ఎంతసేపటికీ జవాబు లేదు. ఆ డాక్టరూ మాట్లాడడు.

"ఫెస్టస్‌ని... పెళ్లి... చేసుకుంటా."

అప్పటికి నేను గదిలో ఉన్నాను. ఎప్పుడొచ్చానో తెలీదు.

"ఏ ఫెస్టస్?"

"ఫెస్టస్" అంది, లోకంలో ఆ పేరుతో ఒక్కడే ఉన్నట్టు.

క్లబ్బులో దానితో పేకాడే మనిషి. ఏటి ఒడ్డున ఉంటాడు. చిత్తడి నేలల్లో పొయ్యిలోకి పీట్ మట్టి తవ్వే యంత్రం నడిపేవాడు, ఇప్పుడు తుంటి పాడైంది. చర్చిలో పూజప్పుడు వెనక వరసలో నిలబడతాడు. ఆయన గురించి నాకు తెలిసింది అంతే.

"నీకు డెబ్బై ఒకటే గొరెట్టీ!"

"తెలుసు."

"అంకెలేవీ తెలీవు గానీ ఆ ఒక్కటీ తెలుసా?" అన్నాను.

డాక్టరు ఏదో రాసుకున్నాడు. దాని మాటో, నా మాటో.

సెప్టెంబరు 19

వాన.

సెప్టెంబరు 21

గోడకవతలి ఇంటి బ్రీజ్‌కి చెప్పాను. ఆశ్చర్యపోతుందనుకున్నాను. ఆరేసిన దుప్పటి మడతపెడుతూనే ఉంది.

"బాలినా ఊరంతా తెలుసే అట్రాక్టా. నీకు తప్ప. పదకొండేళ్లుగా ఒకటే బల్ల. ఆయన గెలిచిన చాక్లెట్లన్నీ ఈవిడ సంచిలోకే."

"మరి నాతో ఒక్కరైనా చెప్పలేదేం?"

"నీతో ఏదైనా చెప్పాలంటే ముందు నువ్వు ఆపాలి కదా తల్లీ" అంది.

బ్రీజ్ నోరు ఎప్పుడూ అంతే. పట్టించుకోను.

సెప్టెంబరు 24

గొరెట్టి పళ్ల డాక్టరు దగ్గరికి బ్రీజ్‌తో వెళ్లింది. నేను ఏటి ఒడ్డుకి వెళ్లాను.

తలుపు తీసి, సొంత ఇంట్లో టోపీ తీశాడు. ఉన్న ఒక్క కుర్చీ నాకిచ్చి తను పీట్ పెట్టె మీద కూర్చున్నాడు. ఆ ఇంట్లో చలి! పొయ్యి మండుతూనే ఉంది, ఆ వేడంతా కిటికీ సందుల్లోంచి నేరుగా ఏట్లోకి పోతోంది. కోటు విప్పలేదు.

"ఏమయ్యా ఫెస్టస్, ఈ వయసులో మా చెల్లెలికి పెళ్లి ఆశ పెట్టావట?"

"నేను కాదండీ. ఆవిడే అడిగింది."

"ఏమని?"

"నన్ను చేసుకుంటావా అని. చాలా ఏళ్లయింది లెండి. కోర్టు సంరక్షణలో ఉన్నవాళ్ల పెళ్లికి చట్టం ఒప్పుకోదట అన్నాను. అయితే ఆగుదాం అంది. ఆగాం."

నాకు కోపం వచ్చింది. ఎవరి మీదో తెలీలేదు. లారీ వాళ్లు కట్టిన పరిహారం సంగతి ఎత్తాను. చెవుల దాకా ఎర్రబడ్డాడు.

"తెలుసండీ, ఊళ్లో తెలియనిదెవరికి. అది మీ దగ్గరే ఉంచండి, కోర్టు దగ్గరుంచండి. నా పేరు దాని ఛాయలకి రాకుండా రాయించండి. సంతకం పెడతాను. నాకు పింఛనొస్తుంది. కోళ్లున్నాయి."

"దానికి మాటే సరిగ్గా రాదు కదయ్యా. రోజంతా కూర్చుని ఏం మాట్లాడుకుంటారు?"

"వస్తుందండీ. ఆగితే వస్తుంది" అన్నాడు. పొయ్యిలో ఇంకో పీట్ ముక్క వేసి, "నాకేమీ తొందర లేదు కదా" అన్నాడు.

వస్తుంటే ఆరు గుడ్లు కాగితంలో చుట్టి ఇచ్చాడు. నన్ను ఒక్క మాట కూడా అనలేదు. అన్నట్టెందుకుందో.

అక్టోబరు 2

ఓర్లా ఆఫీసు. ఈ పెళ్లికి నేను అడ్డు చెప్పొచ్చా అని అడిగాను.

"మీ అభిప్రాయం చెప్పొచ్చు. ఆపడం మీ చేతిలో లేదు. పెళ్లంటే ఏమిటో గొరెట్టికి తెలుసా, లేదా? జడ్జి చూసేది అదొక్కటే. అది తెలివైన పనా కాదా అన్నది కాదు."

"అంటే తెలివితక్కువ పని చేసినా చూస్తూ ఊరుకోవాలా?"

"మీకూ నాకూ ఆ హక్కు ఉందిగా అట్రాక్టా గారూ. నేనైతే రెండుసార్లు వాడుకున్నాను" అంది.

రెండో మొగుడి సంగతి నాకు తెలీదు.

అక్టోబరు 13, ఆదివారం

జుట్టు కత్తిరించే రోజు. కుర్చీ వేసి తువ్వాలు పరిచి పిలిచాను.

"వద్దు" అంది.

"మెడ మీదకి వచ్చేసింది."

"రానీ."

"పొట్టిగా ఉంటే నీకే సుఖం. దువ్వుకోలేవు, చెయ్యి..."

"నువ్వు..." అంది. మొహం ఎర్రబడింది. "నువ్వు నా మాట..."

"వింటూనే ఉన్నానుగా!"

"...తినేస్తావు."

ఒక మాటకి ఇంకో మాట పడిందనుకున్నాను. "తినేస్తావు కాదే, వినవు అనాలి" అని సరిదిద్దాను.

"తినేస్తావు" అంది. గదిలోకి వెళ్లి తలుపేసుకుంది. ఆ తలుపు బాగానే పడుతుంది.

అక్టోబరు 14

తినేస్తావట.

అక్టోబరు 28

కోర్టులో చెప్పాల్సింది రాసుకున్నాను. ఒకటి, ఆయన ఇంట్లో చలి. రెండు, దానికి పొయ్యి జాగ్రత్త లేదు. మూడు, తుంటి పాడైన మనిషి, రేపు ఎవరు ఎవరికి చాకిరీ చేస్తారు? అన్నీ దాని మంచికే. ఒక్కటి కూడా నా కోసం కాదు.

నాలుగోది రాసి, ఆ ముక్క చింపేశాను.

నవంబరు 14

రైల్లో రాయడం మొదలుపెట్టాను, చెయ్యి ఊగుతోందని ఆపేశాను. ఇప్పుడు ఇంట్లో.

పొద్దున కోర్టుకి బయల్దేరుతుంటే స్టేషనుకి ఫెస్టస్ వచ్చాడు, పెట్టెలోంచి తీసిన వాసనొస్తున్న సూటులో, గుడ్డు శాండ్‌విచ్‌లు పట్టుకుని. నేను పిలవలేదు. మానుల్లా స్టేషన్లో రైలు మారేటప్పుడు మెట్టు ఎత్తుగా ఉండి ఎక్కలేకపోయాడు. గొరెట్టి ముందు ఎక్కి, తన మంచి చెయ్యి చాపి లాక్కుంది. అంత బలం దానికి ఎక్కడిదో. ఇంట్లో జామ్ సీసా మూత కూడా నేనే తీసిస్తాను.

కోర్టు గదిలోకి ఫెస్టస్‌ని రానివ్వలేదు. వరండాలో బెంచీ మీద ఉన్నాడు. జడ్జి ఆడమనిషి, ఓర్లా కంటే చిన్నది. విగ్గూ లేదు, ఎత్తు పీటా లేదు. మా బల్ల దగ్గరే మాకెదురుగా కూర్చుంది.

"గొరెట్టి గారూ, మనకి తొందరేమీ లేదు. పెళ్లి చేసుకుంటే మీకేం మారుతుందో చెబుతారా?"

గొరెట్టి చేతులు చూసుకుంది. కిటికీ చూసింది. ఎవరో దగ్గారు. నేను భరించలేకపోయాను. దాని జవాబు నా నాలుక చివర సిద్ధంగా ఉంది, మంచి జవాబు, దానికి మేలు చేసే జవాబు. నోరు తెరిచాను. జడ్జి నావైపు చూడనైనా చూడకుండా చెయ్యెత్తింది. నోరు మూసుకున్నాను.

"ఆయన ఇంట్లో..." అంది గొరెట్టి. "...చలి."

ఓర్లా తల దించుకుంది. అయిపోయింది, మాట జారింది అనుకున్నాను. జడ్జి మాత్రం కదల్లేదు.

"ఇద్దరం ఉంటే... తక్కువ."

జడ్జి పెన్ను కింద పెట్టింది. "మొగుడూ పెళ్లాలు పోట్లాడుకుంటారు కూడా. ఆయన మీ మీద కోప్పడితే ఏం చేస్తారు?"

"నేనూ కోప్పడతా. అక్క దగ్గర... నేర్చుకున్నా."

అందరూ నవ్వారు. నేనూ నవ్వాననుకుంటాను.

"మీ డబ్బు విషయాలు?"

"డబ్బు... అక్క. నాతో కలిసి. అక్కకి లెక్క వచ్చు."

"ఎక్కడ ఉండాలి, ఎవరితో ఉండాలి అన్నది?"

"అది నాది."

మధ్యలో ఎక్కడా ఆగలేదు. దాని నోట అంత తిన్నగా వచ్చిన మాట విని ఎన్నాళ్లయిందో.

ఇంకేమైనా చెప్పాలా అని అడిగింది జడ్జి. గొరెట్టి నా వైపు తిరిగింది. ఈసారి ఎంతసేపు పట్టిందో చెప్పలేను. అందరూ దాన్నే చూస్తున్నారు, అది నన్నే చూస్తోంది.

"అక్కకి... సెలవు లేదు. ఎప్పుడూ లేదు. ఇవ్వండి."

సెలవు ఆ జడ్జిగారి సొరుగులో ఉన్నట్టు అడిగింది.

"అట్రాక్టా గారూ, మీరేమైనా చెబుతారా?"

లేచాను. నా మూడు కారణాలూ సంచిలో ఉన్నాయి. సంచి తెరిచాను, మూశాను.

"ఆయన ఇంట్లో నిజంగానే చలేనండీ" అన్నాను. కూర్చున్నాను.

డబ్బు విషయాల్లో ఇద్దరం కలిసి నిర్ణయించాలి. మిగిలినవన్నీ గొరెట్టివే. కోర్టు సంరక్షణ నేటితో సరి. ఇంతకాలం సాగింది టీ చల్లారేలోపు అయిపోయింది.

బయటికొస్తే ఫెస్టస్ బెంచీ మీంచి లేచి, టోపీ చేత్తో పట్టుకుని నిలబడ్డాడు. ఏమైందని అడగలేదు. ఊరికే నిలబడ్డాడు.

"ఫిబ్రవరి" అంది గొరెట్టి.

"ఫిబ్రవరే" అన్నాడు.

పెళ్లికి మూడు నెలల ముందు నోటీసివ్వాలి. ఆ సంగతి ఇద్దరూ ఎప్పుడో కనుక్కున్నారన్నమాట.

తిరుగు రైల్లో శాండ్‌విచ్ తిన్నాను. ఉప్పెక్కువ. చెప్పలేదు.

నవంబరు 15

రోజంతా పడుకున్నాను. గొరెట్టి సూప్ వేడి చేసి తెచ్చింది. పొయ్యి ఆర్పింది. వెళ్లి చూశాను.

జనవరి 16

ఏటి ఒడ్డు ఇంటికి కొత్త కిటికీలు పెట్టించాలని గొరెట్టి అంది. దాని డబ్బుతో. కాగితం మీద ఇద్దరం సంతకం పెట్టాలి. ఎడమచేత్తో ఒక్కో అక్షరమూ గీస్తుంటే ఎదురుగా కూర్చున్నాను. 'ట' దగ్గర చాలాసేపు ఆగింది. పెన్ను నేను అందుకుని ఉంటే ఈపాటికి పోస్టులో పడేది. అందుకోలేదు. రెండు చేతులూ కింద పెట్టుకుని కూర్చున్నాను.

పూర్తయ్యాక కాగితం ఎత్తి వెలుతురుకి పట్టి చూసుకుంది. నాకు చూపించలేదు.

జనవరి 30

దాని బట్టలు మడతపెట్టాను. వెచ్చని బనియన్లు పైన పెడితే అది తీసి కింద పెట్టింది. ఆకుపచ్చ గౌను పైన పెట్టుకుంది. సరే.

ఫిబ్రవరి 22, శనివారం

చిన్న పెళ్లి. చర్చి పక్కనున్న చిన్న చాపెల్లో పదిహేనుమందిమి, ఇంకో ఆరుగురు చలికి లోపలికొచ్చినవాళ్లు. గొరెట్టి జుట్టు భుజాల దాకా దిగింది. బ్రీజ్ పిన్నులు పెట్టింది. నిజం చెప్పాలంటే పొడుగు జుట్టే దానికి బాగుంది.

ప్రమాణం దగ్గర ఫెస్టస్ గబగబా చెప్పేశాడు, ఎవరైనా లాక్కుంటారేమో అన్నట్టు. గొరెట్టి వంతు. "గొరెట్టి అను నేను..." అంది. ఆగింది. వెనకెవరో పిల్లాణ్ణి ఊరుకోబెట్టారు. దాని పెదవులు కదులుతున్నాయి, మాట రావడం లేదు. ఫాదర్ కొనల్ మంచివాడే, వంగి మెల్లగా మాట అందించబోయాడు.

"ఆగండి ఫాదర్!" అన్నాను.

గుడి మొత్తానికి వినబడింది. ఫాదర్ ఉలిక్కిపడి వెనక్కి జరిగాడు. ఫెస్టస్ మాత్రం కదల్లేదు. దాని మొహం వంకే చూస్తూ, బస్సు ఎప్పుడొచ్చినా పర్లేదన్నట్టు నిలబడ్డాడు. మేమందరం కూడా నిలబడ్డాం. కొవ్వొత్తి చిటపటలాడింది.

చెప్పింది. అంతా చెప్పింది. చివరిదాకా.

హోటల్లో రోస్ట్ బీఫ్, బంగాళాదుంపలు రెండు రకాలు. ఫెస్టస్ నా ప్లేటులో ఇంకో ముక్క వేస్తూ "తినండి వదినగారూ" అన్నాడు. నన్ను వదినా అని పిలిచిన మొదటి మనిషి. డెబ్బై ఆరేళ్లకి వదిననయ్యాను.

వాళ్లని ఏటి ఒడ్డున దింపి వచ్చాం. కిటికీల్లో దీపం వెలుగుతోంది. ఇప్పుడా ఇల్లు వెచ్చగానే ఉంటుంది.

ఫిబ్రవరి 23

పూజకి వెళ్లలేదు. జలుబు.

(జలుబేమీ లేదు.)

ఫిబ్రవరి 27

గొరెట్టి ఫోన్. "ఎలా... ఉన్నావ్?"

ఆ ప్రశ్న మా ఇంట్లో ఎప్పుడూ ఒకవైపు నుంచే వెళ్లేది.

"బాగానే ఉన్నానే. ఇల్లంతా సర్దుకుంటున్నాను, కాలక్షేపం అవుతోంది."

"అబద్ధం" అంది, క్షణం కూడా ఆగకుండా. వెనక ఫెస్టస్ ఏదో అన్నాడు. "ఆయనా... అదే అంటున్నాడు. ఎక్కడికైనా... వెళ్లు."

"ఎక్కడికే?"

ఆగింది. నేనూ ఆగాను. ఇద్దరి ఊపిరీ వినబడుతోంది.

"నాకేం తెలుసు? అది... నీది" అంది. పెట్టేసింది.

నాలుగో కారణం చింపి పారేశాను గానీ, అది ఈ ఇంట్లోనే ఉంది. పగటిపూట ఫర్వాలేదు. రాత్రి బల్ల దగ్గర ఒక్కదాన్నే కూర్చుంటే, ఎదురుగా గొరెట్టి కుర్చీలో వచ్చి కూర్చుంటుంది.

మార్చి 6

ఎనిష్‌క్రోన్ బస్సెక్కాను. అక్కడ సముద్రం దగ్గర నాచు స్నానాలు చేయిస్తారు. బ్రీజ్ ఎన్నోసార్లు రమ్మంది, గొరెట్టిని వదిలి రాలేనన్నాను. ఇవాళ బ్రీజ్‌కి కూడా చెప్పలేదు.

కౌంటర్ దగ్గర అమ్మాయి "ఒక్కరేనా, ఇద్దరా?" అని అడిగింది. ఆ మాత్రం దానికి జవాబు చెప్పడానికి నాకు కాస్త టైం పట్టింది. పాపం ఆ అమ్మాయి ఓపిగ్గా ఉంది. "ఒక్కదాన్నే" అన్నాను.

పాతకాలపు పెద్ద తొట్టి, ఇత్తడి కుళాయిలు. వేడి సముద్రపు నీళ్లలో బారెడు బారెడు నాచు, నూనె రాసినట్టు జారుతోంది. మొదట సిగ్గేసింది, గదిలో ఎవరూ లేకపోయినా. మెల్లగా దిగాను. గడ్డం దాకా మునిగాను. నాచు వచ్చి భుజాల మీద, మోకాళ్ల మీద వాలింది. నన్నెవరైనా ముట్టుకుని చాలా కాలమైంది. ఏడ్చాను కాబోలు. ఆ నీళ్లు ముందే ఉప్పగా ఉన్నాయి, తేడా ఎవరికీ తెలీదు.

ఎంతసేపున్నానో. తలుపు తట్టింది ఆ అమ్మాయి.

"అమ్మా, బాగున్నారా? టైం అయిపోయింది. బయట మీ కోసం ఎవరైనా ఎదురుచూస్తున్నారా?"

ఆలోచించాను.

"లేదమ్మా, ఎవరూ లేరు. ఇంకాసేపు ఉంటాను, ఫర్వాలేదా?"

"ఉండండమ్మా. మీ తర్వాత కూడా ఎవరూ లేరు" అంది.

కాలు చాపి, కాలి వేళ్లతోనే వేడినీళ్ల కుళాయి తిప్పాను.